ఫ్యాక్టరీ కూలీలు పెట్టిన పేరు: జానీ లీవర్

శుక్రవారం కదా, బట్టలు ఉతుక్కుంటూనో, వారానికి సరిపడా కూర వండుకుంటూనో వింటుంటారు. మీ పని మీరు కానివ్వండి. ఈ వారం ఒక నటుడి గురించి చెప్తాను. దానికి ముందు మా రూమ్ సంగతి ఒకటి.

ఫర్వానియాలో మా రూమ్‌లో ఆరుగురం ఉంటాం. అందరిలో చిన్నోడికి ఇరవై మూడేళ్లు. మా ఫోర్‌మన్‌ని అచ్చు దింపేస్తాడు. ఆ దగ్గు, ఆ నడక, హిందీలో తిట్టడం మొదలెట్టి అరబీలోకి జారిపోవడం, అన్నీ! డ్యూటీ నుంచి వచ్చి వాడి ముందు కూర్చుంటే నడుం నొప్పి కూడా గుర్తుండేది కాదు. రెండు నెలల కింద, "అన్నా, అకామా క్యాన్సిల్ చేయించుకుని ఇంటికి పోతా, కామెడీ చేస్తా" అన్నాడు. నేను కసిరాను. "వచ్చేటప్పుడు చేసిన అప్పు ఎవడు తీరుస్తాడ్రా? కోతి వేషాలు మాని పని చూసుకో" అన్నాను. అంతే, ఆ రోజు నుంచి వాడు గొంతు మార్చలేదు. ఇప్పుడు రాత్రయితే మా రూమ్‌లో ఆరు ఫోన్ల చప్పుడు తప్ప ఏమీ లేదు.

మొన్న ఫోన్‌లో జానీ లీవర్ కామెడీ వస్తుంటే, ఈయన ఎక్కడివాడా అని వెతికాను. చదివినకొద్దీ నా మాట నాకే గుచ్చుకుంది.

హిందీ సినిమాల్లో ఆయన్ని చూసి నవ్వని వాళ్లు మనలో తక్కువ. ఆయన మనోడే అని ఎంతమందికి తెలుసు? అసలు పేరు జాన్ ప్రకాశరావు జనుమల. 1957లో కనిగిరిలో పుట్టారు. ఒంగోలు వైపు మనోళ్లకి ఆ ఊరు బాగా తెలుసు. పెరిగింది మాత్రం బొంబాయిలో, ధారావి దగ్గర. నాన్న హిందుస్థాన్ లీవర్ ఫ్యాక్టరీలో కార్మికుడు. ఇంట్లో డబ్బులు చాలక చదువు 7వ తరగతితో ఆగిపోయింది.

ఆ పిల్లాడు రోడ్డు మీద పెన్నులు అమ్మాడు. అందరిలా అరిచి అమ్మలేదు. సినిమా హీరోల గొంతులు అనుకరిస్తూ, వాళ్లలా స్టెప్పులేస్తూ అమ్మాడు. తర్వాత నాన్న పనిచేసే ఫ్యాక్టరీలోనే చేరాడు. బరువైన డ్రమ్ములు మోసే పని. ఒకసారి కార్మికుల ఫంక్షన్‌లో స్టేజీ ఎక్కి, పై ఆఫీసర్లను ఒక్కొక్కరినీ దింపేశాడు. కిందున్న కార్మికులంతా పడీపడీ నవ్వి, "ఇక నువ్వు జానీ లీవర్‌వి" అన్నారు. చూడండి, ఆ పేరు పెట్టింది ఏ నిర్మాతో కాదు, పక్కన డ్రమ్ములు మోసేవాళ్లు. కంపెనీ పేరు ఆఫీసర్లకంటే ఎక్కువగా ఆ కూలీకే అతుక్కుపోయింది.

నన్ను ఆపిన సంగతి ఇంకొకటి. పేరొచ్చిందని ఆయన మర్నాడే పని మానేయలేదు. ఫ్యాక్టరీ పని చేసుకుంటూనే స్టేజీ షోలు చేశారు. కళ్యాణ్‌జీ ఆనంద్‌జీ గ్రూపుతో తిరిగారు. షోల మీద సంపాదన బాగా వస్తున్నాక, 1981లో ఉద్యోగం వదిలారు. సునీల్ దత్ 1982లో ‘దర్ద్ కా రిష్తా’ సినిమాలో అవకాశమిచ్చారు. జనానికి గట్టిగా గుర్తుండిపోయిన వేషం ‘బాజీగర్’లో మతిమరుపు నౌకరు బాబూలాల్. అది 1993. మధ్యలో పదకొండేళ్లు! ‘దీవానా మస్తానా’కీ, ‘దుల్హే రాజా’కీ ఫిల్మ్‌ఫేర్ అవార్డులు ఆ తర్వాతే వచ్చాయి.

ఆ వేషాలు గమనించారా? ఒకచోట నౌకరు, ఒకచోట హోటల్ మేనేజర్. పైన ఒక సారు, కింద ఈయన. సారు ఎప్పుడు అరుస్తాడో, అరిచేముందు మొహం ఎలా పెడతాడో కింద పనిచేసినవాడికి తెలిసినంత ఇంకెవరికి తెలుస్తుంది? ఆ చదువు ఏ బళ్లోనూ చెప్పరు. మనం రోజూ పన్నెండు గంటలు చదివేది అదే.

తమ్ముడూ, ఇది నీకోసమే చెప్తున్నా. అప్పు సంగతి నేను చెప్పింది నిజమే. అకామా ఇప్పుడే క్యాన్సిల్ చేయించుకోకు. కానీ కోతి వేషాలన్నాను చూడు, అది తప్పు. ఆ మాట వెనక్కి తీసుకుంటున్నా. డ్యూటీ అయ్యాక రోజుకు ఒక గంట నీది. ముందు మన ఆరుగురిని నవ్వించు, తర్వాత క్యాంపును నవ్వించు. వచ్చే శుక్రవారం ఈ మైకు నీ ముందు పెడతా.

ఫోర్‌మన్ పేరు మాత్రం చెప్పకురోయ్, మనిద్దరికీ ఇంకా ఏడాది కాంట్రాక్టు ఉంది.

ఉంటాను మరి. ఇంటికి ఫోన్ చేయండి. మళ్లీ శుక్రవారం కలుద్దాం.