ఛాతీమంటకు మందు – మోతాదులో వివేకం

 

ప్లాటినం జూబిలీ వేదికపై ఛాతీమంట గురించిన ప్రసంగమేమిటని కొందరు నవ్వుకోవచ్చు. కాని వేళతప్పిన భోజనం, కారాబాత్, పదేపదే కాఫీ, అర్ధరాత్రి దాకా ఉద్యోగం గల ఈ బెంగళూరు నగరంలో ‘గ్యాస్ మాత్ర’ ఉప్పుపప్పుల సరసన చేరింది. కనుక నాలుగు మాటలు మనవి చేస్తాను.

జఠరకణాలలో ఆమ్లాన్ని వెలువరించే సూక్ష్మమైన పంపులుంటాయి. పాంటోప్రజోల్, ఒమెప్రజోల్ వంటి మందులు వాటిని స్తంభింపజేస్తాయి. ఆహారం అందినప్పుడే ఆ పంపులు చురుకుగా పనిచేస్తాయి. అందుచేతనే ఈ మాత్రను అల్పాహారానికి అరగంట నుండి గంట ముందు వేసుకోవాలి. పూర్తి ఫలితానికి కొన్ని రోజులు పడుతుంది. వెంటనే మంట తగ్గలేదని రెండవ మాత్ర మింగరాదు. వైద్యుని సలహా లేకుండా 14 రోజులకు మించి వాడరాదు. ఏళ్ల తరబడి వాడినవారిలో బి12 విటమిన్, మెగ్నీషియం తగ్గవచ్చు; ఎముకలు విరిగే అపాయమూ పెరగవచ్చు. అలాగని వైద్యుడు వ్రాసిన మందును హఠాత్తుగా మానినా ఆమ్లం తాత్కాలికంగా విజృంభిస్తుంది. మానే పద్ధతినీ వైద్యునే అడగాలి.

తక్షణ ఉపశమనమిచ్చే యాంటాసిడ్ ద్రవాలలో అల్యూమినియం మలబద్ధకాన్ని, మెగ్నీషియం విరేచనాలను కలిగిస్తాయి. మూత్రపిండాల వ్యాధి గలవారు వాటిని స్వయంగా వాడరాదు. థైరాయిడ్ మాత్రకు, వీటికి నడుమ 4 గంటల ఎడముండాలి. గుండెజబ్బుకు క్లోపిడోగ్రెల్ వాడేవారికి ఒమెప్రజోల్ తగదు. అది క్లోపిడోగ్రెల్ శక్తిని తగ్గిస్తుంది.

చిరపరిచితమైనదంతా నిరపాయకరం కాదు. ఇంటింటా కనిపించిన రానిటిడిన్‌ను, అందులో ఎన్‌డిఎంఏ అనే హానికర మాలిన్యం ఏర్పడుతున్నదని, 2020లో అమెరికా విపణి నుండి ఉపసంహరింపజేసింది. 2022లో మన దేశపు అత్యవసర ఔషధాల జాబితా నుండీ దానిని తొలగించారు.

అన్నిటికన్న ముఖ్యమైన మాట ఒకటి. చెమటలు, ఆయాసం, దవడకో ఎడమచేతికో ప్రాకే నొప్పి ఉంటే అది గ్యాస్ అనుకోవద్దు, గుండెపోటు కావచ్చు. జయదేవ హృద్రోగ సంస్థ వంటి ఆసుపత్రులున్న నగరంలో మాత్ర మింగి తెల్లవారేదాకా వేచి ఉండడం ప్రాణాలతో చెలగాటం. మింగుడు పడకపోయినా, నల్లని విరేచనాలైనా, కారణం లేకుండా బరువు తగ్గినా జాగు చేయకుండా వైద్యుని దర్శించండి.

బాలబాలికలారా! మందుపెట్టెపై అక్షరాలను చదివి పెద్దలకు వినిపించండి. ఈ పాఠశాల నేర్పిన చదువు ఒక ప్రాణానికి రక్షగా నిలిస్తే అంతకు మించిన గురుదక్షిణ లేదు. సెలవు.