పొలిమేర దాటినప్పుడు చేతిలోని ఫోను
(చిప్పగిరి యువజనుల కూడికలో చేసిన ప్రసంగము)



కొండకు, పొలమునకు పోవునప్పుడు సెల్‌ఫోను వెంట తీసికొనిపోవచ్చునా అని యువజనులు మమ్మును అడుగుచున్నారు. కూడదని ఒక్కమాటలో చెప్పుట సులువే గాని న్యాయము కాదు. మన ప్రాంతములో తొలకరితో పిడుగులును వచ్చును. గొర్రెల కాపరులు, చేనిలో కూలివారు చెట్టు క్రిందికి చేరి ప్రాణములు కోల్పోయిన వార్తలు వినుచునే యున్నాము. పూణేలోని ఉష్ణమండల వాతావరణ పరిశోధన సంస్థవారి ‘దామిని’ యాప్ పిడుగుల ముప్పును ముందుగా తెలుపును. అట్టి సాధనమును ఇంట పెట్టి పొమ్మని మేము చెప్పజాలము.

అయితే చిక్కు ఎక్కడ? అమెరికాలోని వెస్టర్న్ వాషింగ్టన్ విశ్వవిద్యాలయమువారు 2010లో ఒక పరిశీలన ప్రకటించిరి. ఆవరణలో ఒంటిచక్రపు సైకిలుపై ఒక బఫూనును తిప్పి, నడచిపోవువారిని చూచితిరా అని అడిగిరి. ఫోనులో మాటలాడుచు నడచినవారిలో నూటికి 25 మందియే చూచిరి. ఇద్దరిద్దరుగా నడచినవారిలో 71 మంది చూచిరి! కనుక కబుర్లు తప్పు కాదు. ప్రక్కన నడచువాడు మన దారినే చూచుచుండును. ఫోనులోనివాడు ఆదోనిలోనో గుంతకల్లులోనో కూర్చుండి యుండును.

మన దాపుననే ఎర్రగుడి యున్నది గదా. అచట బండలపై అశోకుని శాసనములున్నవి. ఒక శాసనములో కొన్ని పంక్తులు ఎడమనుండి కుడికి, మరికొన్ని కుడినుండి ఎడమకు, మడకకు కట్టిన ఎద్దులు సాలు తిరిగినట్లు నడచును. సేద్యగాండ్ర పిల్లలకు ఇంతకన్న ఇంపైన సంగతి యేది? తెలిసినవారు చూపగా నిదానించి చూచినవానికే ఆ సాలు కనబడును. బండముందు నిలిచి తన ముఖమునే ఫొటో తీసికొనువానికి కనబడదు. ఫొటోలన్నియు చెరుపని మేమనము. 2014లో ప్రకటించిన ఒక అమెరికా పరిశోధనలో, మ్యూజియములో వస్తువులను ఫొటో తీసినవారికి వట్టి కన్నులతో చూచినవారికన్న తక్కువ జ్ఞాపకముండెను. ఒక భాగమును దగ్గరగా తీసినవారికి మాత్రము ఆ నష్టము లేకపోయెను.

జొన్నగిరి, తుగ్గలి చేలలో వానల తరువాత వజ్రములు వెదకువారిని చూడుడి. వారి ఆశను మేము మెచ్చుట లేదు, వట్టిచేతులతో మరలువారే మెండు. గాని ఆ చూపు! గులకరాతి గులకరాతికి ఆగును.

మన కొండమీది పాత జైన ఆలయమునకు పిల్లలను తీసికొనిపోవునప్పుడు ఇట్లు చేయుదము. పదిమందికి ఒక ఫోను, పెద్దవారి చేతిలో, మ్రోత వినబడునట్లు ఉండవలెను. ఆ నంబరు తల్లిదండ్రులకు ముందే ఇయ్యవలెను, ముఖ్యముగా ఆడపిల్లల యిండ్లకు. మిగిలినవి సంచిలో. ఫొటోలు దిగువచ్చునప్పుడు తీసికొందురు గాక. ఉరుము వినబడినచో ఎవరి అనుమతియు అడుగక అందరును దిగిపోవలెను.