శబ్దాన్ని శుభ్రం చేసేదెవరు?



హక్కుల సమావేశంలో పంక్ రాక్ ఊసెందుకని మీలో కొందరికి అనిపించవచ్చు. రికార్డయిన గొంతు మీద హక్కు ఎవరిదన్న ప్రశ్న నన్ను అటు తీసుకెళ్లింది.

అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రం, ఒలింపియా పట్టణంలో 1990లో 'బికినీ కిల్' బృందం మొదలైంది. అందులో క్యాథ్లీన్ హానా, టోబీ వెయిల్, క్యాథీ విల్‌కాక్స్ అనే ముగ్గురు స్త్రీలు, బిల్లీ కారెన్ అనే పురుషుడు. కచేరీల్లో మగవాళ్ల తోపులాటకు జడిసి ఆడవాళ్లు వెనకే నిలబడిపోయేవాళ్లు. హానా వాళ్లను ముందుకు రమ్మని వేదిక మీంచే పిలిచేది. లైంగిక హింస గురించి బాహాటంగా పాడింది. 1991లో మొదటి పాటల్ని క్యాసెట్‌గా తామే తెచ్చుకున్నారు.

ఆ రికార్డింగులు గరుకుగా ఉంటాయి. 'రెబెల్ గర్ల్' అన్న ఒక్క పాటే 1993లో మూడు రకాలుగా విడుదలైంది. జోన్ జెట్ నిర్మించిన సింగిల్లో గిటార్ నిండుగా, గొంతు తేటగా వినిపిస్తాయి. నాకు మటుకు ఆల్బమ్‌లోని గరుకుదే ఇష్టం.

1994లో వాళ్ల తొలి రెండు రికార్డులూ ఒకే సీడీగా వచ్చాయి. సీడీలో ధ్వనిని సెకనుకు 44,100 సార్లు కొలిచి, ఒక్కో కొలతను 16 బిట్లలో రాస్తారు. డిజిటల్ అనగానే నాణ్యత పెరిగిందనుకుంటాం గానీ, టేపులో లేనిదాన్ని సీడీ ఎక్కణ్ణించి తెస్తుంది? పోగొట్టడం మాత్రం తేలిక. బిగ్గరగా వినబడాలని స్థాయిని మరీ పెంచితే పరిమితి తగిలినచోట ధ్వని తరంగాల కొసలు తెగిపోతాయి. దాన్ని తప్పించడానికి ధ్వనిని అణిచి పెంచితే గుసగుసకీ అరుపుకీ తేడా చెరిగిపోతుంది. హానా పాటలో అర్థమంతా ఆ తేడాలోనే ఉంది! చిన్నపిల్ల గొంతుతో మొదలుపెట్టి ఉన్నట్టుండి కేక పెడుతుంది. ఇక ఎంపీ3 తయారీలో, చెవికి ఎలాగూ అందవని లెక్కగట్టిన ధ్వనుల్ని తీసేస్తారు. తీసేసినవి ఆ ఫైలులోకి తిరిగి రావు.

బృందం 1997లో విడిపోయింది. 2012లో సొంత రికార్డు సంస్థ పెట్టుకుని పాత పాటల్ని తామే మళ్లీ తెచ్చారు. 1991 నాటి క్యాసెట్ కూడా, అప్పట్లో విడుదల కాని మూడు పాటలతో కలిపి, 2015లో వచ్చింది. ఏది ఉంచాలి, ఏది శుభ్రం చేయాలి అన్న నిర్ణయం అలా వాళ్ల చేతికొచ్చింది.

మన సంగతి చూద్దాం. తెలంగాణా సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల మాటల్ని స్త్రీ శక్తి సంఘటన 1986లో 'మనకు తెలియని మన చరిత్ర'గా అచ్చువేసింది. అచ్చులో మాట దక్కుతుంది, గొంతులోని జీర దక్కదు. మన సంఘాల బీరువాల్లో కూడా వాంగ్మూలాల క్యాసెట్లు, ఊరేగింపు పాటల క్యాసెట్లు పడి ఉన్నాయి. టేపు కలకాలం ఉండదు. డిజిటల్ చేయించేటప్పుడు ముందు రొదతో సహా, కుదించని వేవ్ ఫైలుగా ఒక ప్రతి తీయించండి. శుభ్రం చేసిన ప్రతి తర్వాత, విడిగా. రొద తీసే సాఫ్ట్‌వేర్ ఆ మనిషి నిట్టూర్పును కూడా రొదకింద జమకట్టవచ్చు. అన్నిటికన్నా ముందు, ఆ గొంతు ఎవరిదో ఆమెను అడగండి. ఆమె లేకపోతే ఆమె ఇంట్లోవాళ్లను అడగండి. ఎవరు వినొచ్చో, ఎక్కడ వినిపించొచ్చో రాయించుకుని, ఆ కాగితాన్ని ఫైలుతోపాటే భద్రపరచండి.