తెర మీది ఇల్లు కట్టిందెవరు?



సినిమా చూసి వచ్చాక మనం ఏం మాట్లాడుకుంటాం? కథానాయిక చీర, పాటలు, ఆఖర్న పెట్టిన ఏడుపు. ఆ చీర కట్టుకుని ఆవిడ నిలబడ్డ వసారా ఎవరు కట్టారని మాత్రం అడగం. అసలది ఇల్లే కాదు. మూడు గోడలు, వాటి వెనక కర్రల ఊతం, నాలుగోవైపు కెమెరా. దాన్ని ఊహించి, గీసి, కట్టించేవారు కళాదర్శకులు. సినిమా మొత్తం రూపానికి బాధ్యులైతే ప్రొడక్షన్ డిజైనర్ అంటున్నారు. అమెరికాలో 1939లో వచ్చిన ‘గాన్ విత్ ద విండ్’కి విలియం కామెరాన్ మెంజీస్ చేసిన పనితో ఆ పేరు ప్రచారంలోకి వచ్చింది.

ఈమధ్య ఏలూరులో ఒకావిడ నన్నడిగారు: “మా అమ్మాయి ఇంటర్ అయింది. బొమ్మలు బాగా వేస్తుంది, ఈ పనిలోకి వెళ్తానంటోంది. సెట్టింగులు కొట్టే పని ఆడపిల్లకెందుకని వాళ్ల నాన్నగారు కూర్చున్నారు. ఏం చెయ్యమంటారు?” ఆవిడకి చెప్పిందే మీకూ చెబుతాను.

ఇది మన వైపు వాళ్లకి కొత్త పనేం కాదండీ. ‘నారాయణరావు’ నవల రాసిన అడివి బాపిరాజుగారు భీమవరం ప్రాంతంవారే. 1936లో వచ్చిన ‘అనసూయ’, ‘ధ్రువ విజయం’ సినిమాలకు ఆయనే కళాదర్శకులు. తోట తరణిగారిది బందరు. తండ్రి వెంకటేశ్వరరావుగారిదీ ఇదే వృత్తి. 1987 నాటి ‘నాయకన్’ కోసం తరణిగారు బొంబాయి ధారావి వాడను మద్రాసులో నిలబెట్టి జాతీయ అవార్డు అందుకున్నారు.

‘మాయాబజార్’ మీరంతా చూసిందే. 1957లో వచ్చింది. మా.గోఖలేగారు, కళాధర్‌గారు దానికి కళాదర్శకులు. గోఖలేగారు మంచి కథలు కూడా రాశారు. అందులో ద్వారకా నగరం యాభై అడుగులకు అరవై అడుగుల జాగాలో కట్టిన బొమ్మల ఊరట! సుమారు 300 చిన్న చిన్న ఇళ్లు, వాటిలో దీపాలు. ఛాయాగ్రాహకులు మార్కస్ బార్ట్‌లీగారి పర్యవేక్షణలో దాన్ని తయారుచేశారు. మనం సంక్రాంతికి బొమ్మల కొలువు పెట్టి, ఏ మెట్టు మీద ఏ బొమ్మ నప్పుతుందో చూసుకోమూ? ఆ చూపే పెద్దదై అక్కడికి వెళ్లింది.

బొమ్మ వెయ్యడం ఒక్కటే చాలదు. రేపెవరైనా కొల్లేటి లంకలో ఒక ఇల్లు కావాలంటారనుకోండి. తాటాకు పాక వేసి ఊరుకుంటే కుదరదు. వరద నీళ్లు ఎంతవరకు వచ్చాయో గోడ మీద చార చెప్పాలి. గుమ్మంలో దోనె, చూరుకింద ఆరేసిన వల, గట్టున గుర్రపుడెక్క ఉండాలి. కథ ఏ సంవత్సరంలోదో కూడా చూసుకోవాలి. పాత కాలం కథలో చుట్టూ చేపల చెరువులు కనిపిస్తే మన కైకలూరు వాళ్లు నవ్వరూ? ఇంట్లో ఏ సామాను ఎక్కడుంటుందో ఎరిగినవాళ్లకి ఇదంతా ఇట్టే తెలుస్తుంది. అందుకే ఇది ఆడవాళ్లకి చేతకాని పని అంటే నాకు నవ్వొస్తుంది.

చేసి చూపించినవాళ్లూ ఉన్నారు. షర్మిష్ఠా రాయ్ అనే ఆవిడ ‘మధుమతి’ కళాదర్శకులు సుధేందు రాయ్ గారి కుమార్తె. ‘దిల్ తో పాగల్ హై’కి పనిచేశారు. హుస్సేన్ తీసిన ‘మీనాక్షి’ సినిమాకి ఆవిడకి జాతీయ అవార్డు వచ్చింది. అది 2004లో విడుదలైంది; అందులో మన హైదరాబాదు కూడా ఉంది.

కష్టాలు దాచిపెట్టను. మొదట కొన్నేళ్లు సహాయకురాలిగానే ఉండాలి. వడ్రంగులతో, రంగులవాళ్లతో మాట్లాడి పని చేయించుకోవాలి. ఖర్చు లెక్క తప్పకూడదు. రాత్రిళ్లు కూడా పని ఉంటుంది. సినిమా అయ్యాక మళ్లీ పిలుపు ఎప్పుడొస్తుందో తెలీదు. ఇంత చేసి కట్టించిన ఇల్లు షూటింగ్ కాగానే పీకేస్తారు. అది చూసి తట్టుకునే మనసుండాలి.

ముందు చదువు. హైదరాబాదులో జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయం, విశాఖలో ఆంధ్ర విశ్వవిద్యాలయం ఫైన్ ఆర్ట్స్ విభాగం ఉన్నాయి. డిగ్రీ అయ్యాక పూనా ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో కళాదర్శకత్వానికే ప్రత్యేకంగా కోర్సు ఉంది. సినిమా కుదరకపోయినా చిత్రలేఖనం డిగ్రీ చేతిలో ఉంటుంది కదా, ఆ మాట నాన్నగారితో అనమని ఆవిడకి చెప్పాను. అమ్మాయి వేసిన బొమ్మలన్నీ ఒక ఫైలులో పెట్టి, ముందు ఆయనకే చూపించమన్నాను. ఆయన ఇంతవరకు వాటిని చూడనేలేదట.