నాజిక్ అల్ మలాయికా: కవయిత్రి, పంతులమ్మ
(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

 

నేను ఉర్దూ పంతుల్ని. తెలుగులో తప్పులు దొర్లితే మన్నించండి.

అరబ్బీ అనగానే మనకు ఖురాన్ షరీఫ్ తిలావత్ గుర్తుకొస్తుంది. ఆ భాషలో కవిత్వానికి కొత్త దారి వేసిన ఒక స్త్రీని గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

నాజిక్ 1923లో బాగ్దాదులో జన్మించారు. తండ్రి అరబ్బీ ఉపాధ్యాయుడు, తల్లి కవయిత్రి. నాజిక్ 1944లో ఉపాధ్యాయ శిక్షణ కళాశాల చదువు ముగించారు. ఊద్ వాయించడం నేర్చారు. అమెరికా వెళ్ళి విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో ఎం.ఏ. చేశారు.

1947లో ఈజిప్టులో కలరా వచ్చింది. రేడియోలో రోజూ చావుల లెక్క పెరుగుతోంది. ఆ దుఃఖం పాత బహర్‌లో ఇమడలేదు. అప్పుడు 'కలరా' అనే కవిత రాశారు. అది మొదట ఇంట్లోవాళ్ళకే నచ్చలేదు!

ఆమె చేసిందేమిటి? ఎనిమిదో శతాబ్దంలో బస్రా పండితుడు ఖలీల్ కూర్చిన ఛందస్సే మన ఉర్దూ గజల్‌కూ మూలం. అందులో ప్రతి మిస్రాకూ గణాలు సమానంగా ఉండాలి. నాజిక్ గణాన్ని వదల్లేదు. ఒక పంక్తికి ఎన్ని గణాలన్నది మాత్రం భావానికి వదిలేశారు. అదే ఏడాది బద్ర్ షాకిర్ అల్ సయ్యాబ్ కూడా ఈ బాట పట్టారు. ఎవరు ముందన్నది పండితుల వాదం. స్వేచ్ఛ అంటే ఇష్టారాజ్యం కాదని 1962లో ఆమె పెద్ద గ్రంథమే రాశారు.

బాగ్దాదు, బస్రా, కువైటు విశ్వవిద్యాలయాల్లో పాఠాలు చెప్పారు. 2007లో కైరోలో కన్నుమూశారు.

ఇప్పుడు నా తప్పొకటి చెప్పుకోవాలి. ఒకప్పుడు తొమ్మిదో తరగతి పిల్ల ఒక నజ్మ్ రాసి తెచ్చింది. వాళ్ళ నానీ పోయిందట. పంక్తులు ఒకటి పొడుగు, ఒకటి పొట్టి. నేను ఎర్రసిరాతో 'బహర్ తప్పింది' అని కొట్టేశాను. ఆ పిల్ల మళ్ళీ ఏమీ తేలేదు. మరుసటి ఏడు బడికీ రాలేదు, పెళ్ళి చేశారన్నారు. నానీ పోయిందని రాస్తే నేను లెక్క చూశాను.

నాజిక్ తల్లిదండ్రులకు కూతురి కవిత నచ్చకపోయినా ఆమె చేతిలో కలం లాక్కోలేదు. పెద్దలారా, మన ఆడపిల్లల చదువు పదో తరగతితో ఆపకండి. వాళ్ళు రాసింది మనకు నచ్చకపోవచ్చు. అయినా రాయనివ్వండి. పంతుళ్ళం మేమూ ఎర్రసిరా కాస్త తగ్గిస్తాం.