బసాహౌన్ మీద మోపిన హత్యలు

ఈ స్మారక సభలో డిటెక్టివ్ నవలల గురించి మాట్లాడతానంటే నిర్వాహకులు మొదట కాస్త నొసలు చిట్లించారు. వద్దని మాత్రం అనలేదు.

స్పెయిన్ ఉత్తరాన, ఫ్రాన్స్ సరిహద్దు పక్కన నవార్రాలో బస్తాన్ లోయ ఉంది. బాస్క్ భాష మాట్లాడే ఊళ్లు, దట్టమైన అడవి, విడవని ముసురు. దొలోరెస్ రెదోందో 2013, 2014లలో వెలువరించిన మూడు నవలలూ ఇక్కడే నడుస్తాయి. మొదటిదాంట్లో ఏటి ఒడ్డున ఒక అమ్మాయి శవం దొరుకుతుంది. సన్నని తాడుతో గొంతు బిగించి చంపారు. జుట్టు రెండు పాయలుగా సర్ది ఉంది, అరచేతులు ఆకాశానికి తిప్పి ఉన్నాయి. ఒంటిమీద చాచింగొర్రి అనే కేకు. పందికొవ్వు ముక్కలు కలిపి ఆ లోయలో చేసుకునే తీపి. దానికి తోడు జంతువుల వెంట్రుకలు. ఇంకేం, హంతకుడికి బసాహౌన్ అని పేరు పడిపోయింది.

బాస్క్ కథల్లో బసాహౌన్ ఎవరినీ చంపడు. ఒళ్లంతా జుట్టున్న అడవి దొర. గాలివాన వస్తోందంటే కేకలు పెట్టి గొర్రెలకాపరులను హెచ్చరిస్తాడు. ఇలాంటి కథలను ఊరూరా అడిగి రాసిపెట్టినవారిలో పెద్దాయన బరాందియారన్ (1889–1991), చర్చి ఫాదర్. ఆ కథలు తెలిసిన పాఠకుడికి పోలీసులు తప్పు మనిషిని వెతుకుతున్నారని ముందే తడుతుంది. ఈ కేసు చూసే ఇన్‌స్పెక్టర్ అమాయా సలసార్‌ది ఆ లోయలోని ఎలిసోండో, బేకరీ నడిపే కుటుంబం. కేకు ఎవరి పిండితో చేశారన్న ప్రశ్న ఆమెను సొంత ఇంటి గుమ్మం దాకా లాక్కొస్తుంది. ఆమె చిన్నప్పటి నుంచి వణికింది కన్నతల్లికి.

లోకంలోనే లేనివాళ్ల మీద నేరం మోపడం ఆ ప్రాంతానికి కొత్త కాదు. సుగర్రామూర్ది ఊరి చుట్టుపక్కల మంత్రగత్తెలున్నారని 1610 నవంబరులో లొగ్రోన్యోలో మతన్యాయస్థానం ఆరుగురిని సజీవ దహనం చేయించింది. చెరలోనే పోయిన ఐదుగురి బొమ్మలను తగలబెట్టించింది. తీర్పు చెప్పినవాళ్లలో ఒకడైన అలోన్సో దె సలసార్ మరుసటి ఏడు ఊళ్లన్నీ తిరిగి 1,800కు పైగా వాంగ్మూలాలు తీసుకున్నాడు. ఒక్కదానికీ రుజువు దొరకలేదు. ఆ పుకారు పుట్టాకే మంత్రగత్తెలు పుట్టారని తేల్చేశాడు. మన ఇన్‌స్పెక్టరు ఇంటిపేరూ సలసారే, అడిగేదీ అదే: సాక్ష్యం ఏది?

రెండో నవల నా లెక్కలో మూడింటిలోకీ గట్టిది. బాప్తిస్మం కాకుండా పోయిన పసికందులను చర్చి శ్మశానంలోకి రానిచ్చేవారు కాదు. ఇంటి చూరు కిందే పాతిపెట్టేవారు. అది కల్పన కాదు, అక్కడి ఆచారం. ఈ నవలలో దొరికే ఎముకలు ఆ చూరు కిందివే. మూడోదాంట్లో నిద్రలో ఊపిరి తీసే ఇంగుమా వస్తాడు, పాపల చావులు వస్తాయి, చివరికి ఒక ముఠా తేలుతుంది. అక్కడ పట్టు సడలింది. సాక్ష్యంతో ముడి విప్పాల్సిన చోట అడవే వచ్చి దారి చూపడం కూడా నాకు నచ్చలేదు.

2017 నుంచి 2020 మధ్య మూడూ సినిమాలయ్యాయి. వాటితో సరిపెట్టుకోకండి. ఇంగ్లీషులో పుస్తకాలు దొరుకుతున్నాయి, మొదటి రెండూ చదవండి. మూడోది మీ ఇష్టం.