తోక లేని తేలు



మన డెల్టా చేలల్లో వెదకినా రాయి దొరకదు. ధవళేశ్వరం దాకా వస్తేగాని కొండ కనబడదు. 1847లో కాటన్ దొరగారు ఆనకట్ట పని ప్రారంభించినప్పుడు రాయి తవ్వించింది అక్కడే. కోరుకొండ, పెద్దాపురం వైపు మెట్ట సేద్యం చేసేవారికి మాత్రం రాతిగుట్టలతో రోజూ పనే. గుట్టవార రాయి తిరగేసినప్పుడు బియ్యపు గింజకన్న చిన్న పురుగొకటి, పీతకున్నట్టు రెండు పట్టుకార్లు చాచి వెనక్కి పరుగెత్తడం మీలో కొందరు చూసే వుంటారు. "అమ్మో, తేలుపిల్ల!" అని చెప్పుతో నలిపేస్తారు.

అది తేలుపిల్ల కాదండీ. దానికి తోకే లేదు, ఇక కొండి ఎక్కడిది? శాస్త్రజ్ఞులు దీన్ని మిథ్యాతేలు అంటారు. ఎనిమిది కాళ్ళున్నది గనుక తేలుకూ సాలెపురుగుకూ చుట్టమే. చాలా జాతులకు పట్టుకార్లలో రవ్వంత విషం వున్నది. అది నల్లిని చంపడానికి చాలును గాని మనల్నేమీ చేయదు.

ఒళ్ళు అప్పడంలా పలచన. పొర లేచిన బండ సందులో, గోరు పట్టని చోట కాపురం. నోటి దగ్గర పట్టుదారం తీసి గూడు కట్టుకొని అందులో కుబుసం విడుస్తుంది. తల్లి గుడ్లసంచిని పొట్టకింద మోస్తూ, లోపలి పిల్లలకు తన ఒంట్లోనుంచే ఆహారం అందిస్తుంది. కోడి కూడా ఇంత చేయదు!

ప్రపంచంలో వీటి జాతులు 3,000కు పైగా వున్నవి. మన దేశపు వాటిని గురించి మూర్తి, అనంతకృష్ణన్ గార్లు 1977లో ఒక గ్రంథమే ప్రకటించారు. రెక్కలు లేవు గదా, కొన్ని జాతులు ఈగ కాలు పట్టుకొని వేలాడుతూ ప్రయాణం చేస్తాయి. బండలనే నమ్ముకున్నవాటి సంగతి వేరు. పశ్చిమ ఆస్ట్రేలియాలో కొద్ది గ్రానైటు గుట్టలమీద తప్ప మరెక్కడా దొరకని జాతులున్నవి. ఆ గుట్టలు కంకరైపోతే ఇక వాటికి చోటు లేదు.

గాదెల్లో, కొట్లలో వుండే జాతులూ వున్నాయి. అక్కడ కనబడితే ధాన్యం తింటోందనుకోకండి. ఒక్క గింజ ముట్టదు. దానికి మేత దొరుకుతోందన్నమాట. అంటే నల్లి చేరింది, ధాన్యంలో తడి వున్నదేమో చూడాలి. గింజ పంటికింద పటుక్కుమనకపోతే మళ్ళీ ఎండబోయండి. తేమ నూటికి 14 పాళ్ళు మించకూడదు. ఈ పురుగే ముక్కుపురుగును కూడా ఊడ్చేస్తుందని నేను చెప్పను, అంత బలం దానికి లేదు.

మెట్టచేలో ఏరిన రాళ్ళు గట్టుమూల కుప్ప పోస్తారు గదా, ఆ కుప్పమీద పురుగుమందు కొట్టకండి. చేయి పెట్టేముందు మాత్రం కర్రతో కదిలించండి. అసలు తేలు వుండేదీ ఆ రాళ్ళకిందే.